లెస్లీ వాన్ హౌటెన్: పంతొమ్మిదేళ్లకు హత్య, డెబ్బై మూడేళ్లకు విడుదల

మంజీర:

మాన్సన్ ముఠా ప్రస్తావన వచ్చినప్పుడల్లా మన మాటలన్నీ తన అనుచరుల చేత హత్యలు చేయించిన చార్లెస్ మాన్సన్ చుట్టూనే తిరుగుతాయి. అతడు 2017 నవంబరులో ఖైదీగానే చనిపోయాడు కాబట్టి అతడి కథ అక్కడితో ముగిసింది. అతడి మాట విని కత్తి పట్టినవారి జీవితాలు మాత్రం తరువాత కూడా చాలా మలుపులు తిరిగాయి. వారిలో లెస్లీ వాన్ హౌటెన్ జీవితాన్ని నిదానంగా చర్చించుకోవాలన్న ఉద్దేశంతో ఈ అంశాన్ని మొదలుపెడుతున్నాను. 1969 ఆగస్టులో లాస్ ఏంజెలెస్‌లో జరిగిన నటి షారన్ టేట్, లాబియాంకా దంపతుల హత్యల్లో స్వయంగా పాల్గొని శిక్ష పడినవారిలో ప్రాణాలతో జైలు నుంచి విడుదలైన మొదటి వ్యక్తి ఆమె.

లెస్లీ 1949 ఆగస్టు 23న పుట్టింది. లాస్ ఏంజెలెస్‌కు దగ్గరలోని మన్రోవియా అనే చిన్న పట్టణంలో మధ్యతరగతి కుటుంబంలో పెరిగింది. తండ్రి కార్ల వేలంపాట వ్యాపారంలో ఉండేవాడు, తల్లి ఉపాధ్యాయిని. కొరియాకు చెందిన ఇద్దరు పిల్లలను కూడా ఆ దంపతులు దత్తత తీసుకొని పెంచారు. బడిలో ఏటా జరిగే హోమ్‌కమింగ్ వేడుకలో రాకుమారిగా ఎంపికైన, తోటి విద్యార్థులు ఇష్టపడే అమ్మాయి లెస్లీ. ఆమెకు పద్నాలుగేళ్లు వచ్చేసరికి తల్లిదండ్రులు విడాకులు తీసుకున్నారు. ఆ తరువాత గంజాయి, ఎల్‌ఎస్‌డీ అలవాటయ్యాయి. పదిహేడేళ్లకు గర్భవతి అయింది, తల్లి పట్టుబట్టి గర్భస్రావం చేయించింది. ఆ సంఘటన తరువాత తనకూ తల్లికీ మధ్య మాటలు తెగిపోయాయని ఆమె పెరోల్ (షరతులతో కూడిన విడుదల) విచారణల్లో అనేకసార్లు చెప్పింది. అయినప్పటికీ ఆమె చదువు పూర్తిగా మానెయ్యలేదు. సెక్రటరీ ఉద్యోగానికి కావలసిన కోర్సు చేసింది. 1968లో బాబీ బోసోలే, కేథరిన్ షేర్ పరిచయమై, వారి ద్వారా స్పాన్ రాంచ్‌కు చేరింది. పూర్వం సినిమా షూటింగులకు అద్దెకిచ్చిన ఆ పాత పశువుల కొట్టంలో మాన్సన్ తన బృందంతో కాపురం పెట్టాడు. అక్కడికి వెళ్లేనాటికి లెస్లీ వయసు పంతొమ్మిదేళ్లు.

అక్కడి నుంచి ఏడాది తిరగకుండానే, 1969 ఆగస్టు 10వ తేదీ తెల్లవారుజామున, ఆమె వేవర్లీ డ్రైవ్‌లోని ఒక ఇంట్లో రోజ్‌మేరీ లాబియాంకా అనే స్త్రీ తలకు దిండు గలీబు తొడిగి, మెడకు దీపపు తీగ చుట్టి పట్టుకుంది. ఆ రాత్రికి మరణశిక్ష పడింది, అది యావజ్జీవ శిక్షగా మారింది, శిక్ష రద్దయి మళ్లీ విచారణ జరిగింది, చివరకు 2023 జూలై 11న విడుదల దొరికింది. అంటే ఆమె జీవితంలో యాభై మూడేళ్లు జైలులోనే గడిచిపోయాయి.

నా ఉద్దేశంలో విడుదల నిర్ణయం సరైనదే. పెరోల్ బోర్డు చేయవలసిన పని ఖైదీ ఈరోజు సమాజానికి ప్రమాదమా కాదా అని తేల్చడం. క్షమించే పని దానిది కాదు, ఆ హక్కు ఇంకొకరిది. ఈ రెండింటినీ కలిపేయడం వల్లనే ఈ వ్యవహారంలో ఏళ్ల తరబడి గందరగోళం నడిచిందని నేను అనుకుంటున్నాను. మీ అభిప్రాయాలు చెప్పండి.

నాగావళి:

మంజీర గారు, మీరు లెస్లీ బాల్యానికి ఒక పేరా మొత్తం కేటాయించారు, రోజ్‌మేరీకి ఒక్క వాక్యంతో సరిపెట్టారు. ఈ కేసు గురించి రాసేవారంతా ఇలాగే చేస్తారు కాబట్టి మిమ్మల్ని ఒక్కరినే తప్పుపట్టడం లేదు. కాని చర్చ ముందుకు వెళ్లే ముందు ఆ ఇంట్లో ఉన్నది ఎవరో కూడా నమోదు కావాలి.

లెనో లాబియాంకాకు నలభై నాలుగేళ్లు, కిరాణా సూపర్ మార్కెట్ల సంస్థను నడిపేవారు. రోజ్‌మేరీకి ముప్పై ఎనిమిదేళ్లు, భాగస్వామ్యంలో దుస్తుల దుకాణం పెట్టి తన కాళ్ల మీద తాను నిలబడ్డ మనిషి. ఆ వారాంతంలో లేక్ ఇసబెల్లాకు విహారానికి వెళ్లి, పడవను కారు వెనక కట్టుకొని అర్ధరాత్రి దాటాక ఇల్లు చేరారు. వారికీ ఆ ముఠాకూ ఏ శత్రుత్వమూ లేదు, ముఖపరిచయం కూడా లేదు. మాన్సన్ ముందుగా లోపలికి వెళ్లి తోలు తాళ్లతో వారిని కట్టేసి, ఏమీ చేయనని నమ్మించి, బయటకు వచ్చి మిగిలినవారిని లోపలికి పంపాడు. పక్క గదిలో భర్త అరుపులు విన్న రోజ్‌మేరీ చివరిదాకా పెనుగులాడారు, తన మెడకు చుట్టిన తీగకున్న దీపాన్నే ఎత్తి విసరబోయారు. ఆమె ఒంటి మీద నలభై ఒక్క కత్తిపోట్లు ఉన్నాయి. వాటిలో పద్నాలుగు నుంచి పదహారు దాకా తాను పొడిచినవేనని లెస్లీ స్వయంగా ఒప్పుకుంది. ఆ తరువాత గదిలో వేలిముద్రలు తుడిచింది, తన బట్టలు విప్పి రోజ్‌మేరీ బట్టలు వేసుకుంది, ఆ ఇంటి ఫ్రిజ్‌లోని పదార్థాలు వాళ్లంతా తీసుకొని తాగారు.

ఇందులో ఆమెను బలవంతంగా లాక్కెళ్లినవారెవరూ లేరన్న సంగతి మరువకూడదు. ముందటి రాత్రి షారన్ టేట్ ఇంట్లో అయిదుగురిని చంపి వచ్చినవారి మాటలు విని, తనను ఎందుకు పిలవలేదని నొచ్చుకొని, రెండో రాత్రి తానే వెళ్లాలనుకున్నానని ఆమె ఎన్నోసార్లు అంగీకరించింది. పంతొమ్మిదేళ్ల వయసులో ఎవరైనా తప్పుదారి పడతారు, నిజమే. ఆ దారి ఎక్కడికి వెళుతుందో ముందటి రాత్రే తెలిసిన తరువాత కూడా నడిచినవారి సంగతి వేరు.

ఓరుగల్లు పాఠకురాలు:

నాగావళి గారు చెప్పిన ప్రతి వివరమూ నిజం, వాటిని పక్కన పెట్టి ఈ కేసును ఎవరూ అర్థం చేసుకోలేరు. నేను వేరే వైపు నుంచి ఒక మాట చెబుతాను. ఒక మనిషి తానుగా వెళ్లాలనుకోవడం, ఆ కోరికను మరొకరు ఏడాదిపాటు తయారు చేయడం రెండూ ఒకేసారి నిజం కావచ్చు.

మాన్సన్ 1967 మార్చిలో జైలు నుంచి విడుదలయ్యాడు. అప్పటికి ముప్పై రెండేళ్ల వయసులో సగానికి పైగా జీవితాన్ని నిర్బంధ గృహాల్లో, జైళ్లలో గడిపినవాడు. మనుషులలో ఒంటరితనాన్ని పసిగట్టడం అతడికి బాగా తెలుసు. స్పాన్ రాంచ్‌లో గడియారాలు, క్యాలెండర్లు, వార్తాపత్రికలు ఉండనిచ్చేవాడు కాదు. చేరిన ప్రతివారికీ కొత్త పేరు పెట్టడం అక్కడి ఆనవాయితీ, లెస్లీని లులు అని పిలిచేవారు. అందరినీ వలయంలో కూర్చోబెట్టి ఎల్‌ఎస్‌డీ ఇచ్చి, తాను మాత్రం తక్కువ మోతాదు తీసుకొని, ఆ స్థితిలో వారికి ఉపదేశాలు చేసేవాడు. అహం చచ్చిపోవాలి, తప్పొప్పులనేవి లేవు, చావు అనేదే లేదు అన్నవే ఆ ఉపదేశాల సారం. నల్లవారికీ తెల్లవారికీ మధ్య మహాయుద్ధం రాబోతోందని, తాము ఎడారిలో ఒక బిలంలో దాక్కొని బయటపడి ప్రపంచాన్ని ఏలుతామని, బీటిల్స్ పాటల్లో ఆ సందేశం తనకు వినిపిస్తోందని నమ్మించాడు. ఇంటికి ఫోను చేసే ఆనవాయితీ లేని చోట, తేదీ తెలియని చోట, చుట్టూ ఉన్న ఇరవై ముప్పై మంది ఒకే మాట పాడుతున్న చోట అది పిచ్చిమాట అని చెప్పే గొంతు ఒక్కటీ మిగలదు.

ఆ పట్టు ఎంత బలమైనదో విచారణ సమయంలో ప్రపంచమంతా చూసింది. 1970లో మాన్సన్ నుదుటి మీద గాటు పెట్టుకుంటే లెస్లీ, ప్యాట్రీషియా క్రెన్‌వింకెల్, సూజన్ ఆట్కిన్స్ అనే ముగ్గురు ముద్దాయిలూ అలాగే చేసుకున్నారు. కోర్టు నడవాలో చేతులు పట్టుకొని అతడి పాటలు పాడుతూ వచ్చేవారు. శిక్ష ఖరారు దశలో సాక్ష్యం చెబుతూ, మీకు విచారం కలుగుతోందా అని అడిగితే, విచారమనేది ఒక చిన్న మాట, దానివల్ల పోయినదేదీ తిరిగి రాదు అని లెస్లీ జవాబిచ్చింది. నేరమంతా తమదేనని, మాన్సన్‌కు సంబంధం లేదని చెప్పడానికి ఆ ముగ్గురు స్త్రీలు పోటీ పడ్డారు.

ఆ మత్తు జైలుకు వెళ్లిన వెంటనే దిగలేదు. వారికి మరణశిక్ష పడ్డాక ఫ్రాంటెరాలోని మహిళా కారాగారంలో ప్రత్యేక విభాగం ఏర్పాటు చేశారు. 1972లో కార్లీన్ ఫెయిత్ అనే పరిశోధక విద్యార్థిని జైలు అధికారుల కోరిక మీద వారికి పాఠాలు చెప్పడానికి వెళ్లింది. వాళ్లు అప్పటికీ మాన్సన్ మాటలనే వల్లె వేస్తున్నారని ఆమె తరువాత రాసింది. పుస్తకాలు చదివిస్తూ, స్త్రీల చరిత్ర చెబుతూ, ప్రశ్నలు అడుగుతూ ఉండగా కొన్నేళ్లకు గాని వారి సొంత ఆలోచన తిరిగి మొదలు కాలేదు. ఆలోచన తిరిగొచ్చిన రోజు నుంచే తాను చేసిన పని బరువు లెస్లీకి తెలియడం మొదలైంది. కల్ట్ (ఒక్క నాయకుడిని గుడ్డిగా నమ్మే బృందం) నుంచి బయటపడడమంటే స్వేచ్ఛ దొరకడం ఒక్కటే కాదు, అప్పటిదాకా వేరొకరి ఖాతాలో ఉన్న నేరం మొత్తం తన ఖాతాలోకి రావడం కూడా.

గుంటూరు వకీలు:

ఈ కేసు న్యాయచరిత్ర చాలామందికి స్పష్టంగా తెలియదు కాబట్టి కొంచెం విపులంగా రాస్తున్నాను. లెస్లీకి మూడు విచారణలు జరిగాయి, మూడూ మూడు రకాలుగా ముగిశాయి.

మొదటి విచారణ 1970 జూన్‌లో మొదలైంది. న్యాయమూర్తి చార్లెస్ ఓల్డర్, ప్రాసిక్యూటర్ విన్సెంట్ బుగ్లియోసి. హత్యలు జరిగిన రెండు రాత్రులూ వెంట ఉన్న లిండా కసాబియన్ క్షమాభిక్ష పొంది ప్రధాన సాక్షిగా నిలబడింది. లెస్లీ తరఫు న్యాయవాది రోనాల్డ్ హ్యూస్. ఆమె వాదనను మాన్సన్ వాదన నుంచి వేరు చేయాలని, ఆమె అతడి ప్రభావంలో ఉందని నిరూపించాలని అతడు గట్టిగా ప్రయత్నించాడు. 1970 నవంబరు చివర సెస్పీ వేడినీటి బుగ్గల దగ్గరికి విహారానికి వెళ్లిన హ్యూస్ వరదల సమయంలో కనిపించకుండా పోయాడు. అతడి స్థానంలో మ్యాక్స్‌వెల్ కీత్‌ను నియమించి విచారణ కొనసాగించారు. 1971 జనవరి 25న జ్యూరీ దోషులుగా తేల్చింది, మార్చి 29న మరణశిక్ష చెప్పింది. హ్యూస్ మృతదేహం దొరికింది కూడా అదే రోజున. అతడి మరణానికి కారణం ఈనాటికీ తేలలేదు.

1972 ఫిబ్రవరిలో కాలిఫోర్నియా సుప్రీం కోర్టు మరణశిక్ష రాష్ట్ర రాజ్యాంగానికి విరుద్ధమని తీర్పు చెప్పడంతో అందరి శిక్షలూ యావజ్జీవంగా మారాయి. 1976లో అప్పీలు కోర్టు లెస్లీ ఒక్కదాని శిక్షను పూర్తిగా కొట్టేసింది. సాక్షులు మాట్లాడుతున్నప్పుడు కోర్టులోనే లేని న్యాయవాది ఆ సాక్షుల విశ్వసనీయతపై జ్యూరీ ముందు ఎలా వాదించగలడన్నది అందుకు కారణం. మనలో కొందరికి ఇది సాంకేతిక లొసుగులా కనిపించవచ్చు. నా వృత్తి అనుభవంతో చెబుతున్నాను, ముద్దాయికి తన వకీలు ఉండడమనేది విచారణకు పునాది, పైపూత కాదు.

రెండో విచారణ 1977లో జరిగింది. ఈసారి ఆమె ఒక్కతే ముద్దాయి. మాదకద్రవ్యాల వల్ల, మాన్సన్ పట్టు వల్ల ముందస్తుగా ఆలోచించి హత్య చేసే మానసిక సామర్థ్యం ఆమెకు అప్పుడు లేదన్నది కీత్ వాదన. జ్యూరీ ఇరవై అయిదు రోజులు తర్జనభర్జన పడి ఏకాభిప్రాయానికి రాలేకపోయింది. ఏడుగురు మొదటి శ్రేణి హత్య అన్నారు, అయిదుగురు అంతకంటె తక్కువ నేరం అన్నారు. విచారణ అలా తేలకుండా ముగియడంతో ఆమెకు బెయిలు దొరికి కొన్ని నెలలు బయట ఉంది.

మూడో విచారణలో, 1978లో, ప్రాసిక్యూటర్ స్టీఫెన్ కే చేసిన మార్పు చట్టం చదివేవారు తప్పక గమనించాలి. ఆ ఇంటి నుంచి కొన్ని బట్టలు, ఒక పర్సు, కొన్ని నాణేలు తీసుకెళ్లారు కాబట్టి దోపిడీ సందర్భంగా జరిగిన హత్యగా కూడా అభియోగం మోపాడు. అలాంటి హత్యలో చంపాలన్న ముందాలోచనను వేరుగా నిరూపించనక్కరలేదు, దోపిడీ ఉద్దేశం రుజువైతే చాలు. మానసిక సామర్థ్యం లేదన్న వాదన బలం అక్కడే సగం తగ్గిపోయింది. జ్యూరీ ఆమెను రెండు హత్యలకూ, కుట్రకూ దోషిగా తేల్చింది. పెరోల్ అవకాశం గల యావజ్జీవ శిక్ష పడింది. బెయిలు మీద ఉన్న మనిషి కోర్టు హాలు నుంచి నేరుగా మళ్లీ జైలుకు వెళ్లింది.

ఇక్కడ మన పాఠకుల కోసం ఒక వివరణ. కాలిఫోర్నియాలో పెరోల్ అంటే షరతులతో కూడిన శాశ్వత విడుదల. మన రాష్ట్రాల్లో యావజ్జీవ ఖైదీలకు పద్నాలుగేళ్ల తరువాత పరిశీలించే ముందస్తు విడుదలతో దాన్ని పోల్చుకోవాలి.

కొత్తగూడెం:

చర్చ చాలా ఉపయోగకరంగా ఉంది. రెండు సందేహాలు. మాన్సన్ స్వయంగా ఆ ఇళ్లలో ఎవరినీ పొడవలేదు కదా, అతడికి మరణశిక్ష ఎలా పడింది? అలాగే మిగిలిన ఇద్దరు స్త్రీలు ఏమయ్యారు?

మంజీర:

కొత్తగూడెం గారు, కుట్రలో భాగస్వామి అయినవాడు ఆ కుట్ర ప్రకారం ఇతరులు చేసిన హత్యకు కూడా బాధ్యుడేనన్నది అక్కడి చట్టం. మనుషులను ఎంపిక చేసి, ఆయుధాలతో పంపి, రెండో రాత్రి తానే వెంట వెళ్లి బాధితులను కట్టేసినవాడు చేతిలో కత్తి లేనంత మాత్రాన తప్పించుకోలేడు.

సూజన్ ఆట్కిన్స్ 2009 సెప్టెంబరులో మెదడు క్యాన్సరుతో జైలు ఖైదీగానే మరణించింది. కదలలేని స్థితిలో ఉన్నప్పుడు కూడా కారుణ్య విడుదలకు బోర్డు అంగీకరించలేదు. ప్యాట్రీషియా క్రెన్‌వింకెల్‌ను విడుదల చేయవచ్చని 2022లో బోర్డు మొదటిసారి సిఫారసు చేస్తే గవర్నర్ తిరస్కరించాడు. రెండు రాత్రులూ అందరికంటె ఎక్కువగా చంపిన టెక్స్ వాట్సన్ విన్నపాలను బోర్డే తోసిపుచ్చుతూ వచ్చింది. ఇదే ముఠా చేసిన డొనాల్డ్ షే హత్యలో శిక్షపడిన స్టీవ్ గ్రోగన్ మాత్రం మృతదేహం ఎక్కడుందో చెప్పి, 1985లోనే విడుదలయ్యాడు. అంటే ముఠా సభ్యులకు విడుదల అసాధ్యమన్న నియమం ఏదీ లేదు. టేట్ పేరు ముడిపడిన కేసుకు మాత్రం ఆ తలుపు ఎప్పుడూ మూసి ఉండేది.

నాగావళి:

టేట్ పేరు గురించి మీరన్నారు కాబట్టి ఆ కుటుంబం గురించి కూడా చెప్పాలి. 1982లో లెస్లీ విడుదలను సమర్థిస్తూ సుమారు తొమ్మిది వందల సంతకాలు సేకరించారని షారన్ తల్లి డోరిస్ టేట్‌కు తెలిసింది. అప్పటివరకు పదేళ్లకు పైగా కుంగిపోయి ఇంటికే పరిమితమైన ఆమె లేచి నిలబడి, ప్రజలకు విజ్ఞప్తి చేసి, వ్యతిరేకంగా మూడున్నర లక్షల సంతకాలు తెప్పించారు. నిజానికి లెస్లీ షారన్ ఇంటికి వెళ్లనే లేదు. అయినా ఒకరి విడుదల మరొకరి విడుదలకు దారి తీస్తుందని ఆ తల్లి భయపడ్డారు. బాధిత కుటుంబాలు శిక్ష విధించే సమయంలోను, పెరోల్ విచారణలోను తమ నష్టాన్ని నేరుగా చెప్పుకొనే హక్కు కాలిఫోర్నియాలో అదే సంవత్సరం ప్రజాభిప్రాయ సేకరణ ద్వారా చట్టమైంది. ఆమె ఆ ఉద్యమంలో పనిచేశారు, 1992లో మరణించేదాకా ఆ పనిలోనే ఉన్నారు. ఆ తరువాత షారన్ చెల్లెలు ప్యాటీ, ఆమె మరణించాక మరో చెల్లెలు డెబ్రా ఆ బాధ్యత తీసుకున్నారు.

లాబియాంకా కుటుంబ సభ్యులు కూడా దశాబ్దాల తరబడి విచారణ గదికి వచ్చి కూర్చున్నారు. ఖైదీ ఎంతగా మారినా సరే, ప్రతిసారీ అదే రాత్రిని మళ్లీ వినవలసి రావడం వారికి పడిన శిక్ష. దానికి ఏ కోర్టూ గడువు చెప్పలేదు. ఖైదీ మార్పును కొలిచే పరీక్షలు ఇన్ని ఉన్నాయి గాని, వీరి నష్టాన్ని నిర్ణయంలో ఏ బరువుతో తూచాలో చెప్పే ప్రమాణం ఒక్కటీ లేదన్నదే నా బాధ.

బే ఏరియా నుంచి:

నేను చాలా ఏళ్లుగా కాలిఫోర్నియాలో ఉంటున్నాను కాబట్టి పెరోల్ దశ గురించి నాకు తెలిసింది రాస్తాను.

లెస్లీ జైలులో ఉండగా ఆంట్యాక్ విశ్వవిద్యాలయం నుంచి ఆంగ్ల సాహిత్యంలో పట్టా పొందింది, తరువాత డొమింగెజ్ హిల్స్‌లోని రాష్ట్ర విశ్వవిద్యాలయం నుంచి మానవీయ శాస్త్రాల్లో ఎంఏ పూర్తి చేసింది. తోటి ఖైదీలకు చదువు చెప్పేది. మానసిక నిపుణులు వరుసగా ఆమె వల్ల ప్రమాదం తక్కువ అని నివేదికలు ఇచ్చారు. అయినా ఇరవైకి చేరువగా పెరోల్ విన్నపాలు తిరస్కరణకు గురయ్యాయి. మొదటి సానుకూల సిఫారసు 2016 ఏప్రిల్‌లో వచ్చింది. చిన్నవయసులో నేరం చేసినవారి అపరిపక్వతకు, ఆ తరువాత వచ్చిన ఎదుగుదలకు పెరోల్ సమయంలో ప్రత్యేకమైన ప్రాధాన్యం ఇవ్వాలని రాష్ట్రం అప్పటికి కొత్త చట్టాలు చేసింది. నేరం నాటికి పంతొమ్మిదేళ్లున్న లెస్లీకి అవి వర్తించాయి. వృద్ధ ఖైదీల నిబంధన కూడా కలిసి వచ్చింది.

అక్కడితో పని పూర్తి కాలేదు. హత్య కేసుల్లో బోర్డు నిర్ణయాన్ని గవర్నర్ తిరగరాయవచ్చునని 1988లో ఓటర్లు రాజ్యాంగ సవరణను ఆమోదించారు. ఆ అధికారంతో జెర్రీ బ్రౌన్ రెండుసార్లు, గావిన్ న్యూసమ్ మూడుసార్లు, మొత్తం అయిదు సిఫారసులను తిరస్కరించారు. 2016 నుంచి 2022 దాకా జరిగిన తతంగం ఇది. ఎన్నికలకు నిలబడవలసిన ఏ నాయకుడూ ఈ పేరు ఉన్న కాగితం మీద విడుదల సంతకం పెట్టడానికి ఇష్టపడడన్నది ఇక్కడ అందరికీ తెలిసిన విషయమే. మంజీర గారు మొదట చెప్పిన మాటతో నేను ఏకీభవిస్తున్నాను. బోర్డును అడిగిన ప్రశ్న ఒకటి, గవర్నర్లు జవాబిచ్చిన ప్రశ్న మరొకటి.

గుంటూరు వకీలు:

బే ఏరియా మిత్రులు ఆగిన చోట నుంచి నేను అందుకుంటాను. 2008లో కాలిఫోర్నియా సుప్రీం కోర్టు సాండ్రా లారెన్స్ అనే మరొక ఖైదీ కేసులో కీలకమైన సూత్రం చెప్పింది. నేరం ఎంత ఘోరమైనదైనా, ఆ ఘోరం ఒక్కటే విడుదల నిరాకరణకు చాలదు. ఖైదీ ప్రస్తుతం ప్రమాదకరమని చూపే ఆధారం కొంచెమైనా ఉండాలి. అందువల్ల గవర్నర్లు లెస్లీ విషయంలో నేరం ఘోరం అని మాత్రమే రాయలేకపోయారు. మాన్సన్‌కు తాను ఎందుకు లొంగిపోయిందో ఆమె ఇంకా సరిగ్గా వివరించలేదని, విడాకులు, గర్భస్రావం, మాదకద్రవ్యాలు అన్న కారణాలు ఇంతటి హింసకు చాలవని, ఆ లోపం వల్ల ప్రమాదం మిగిలి ఉందని రాశారు.

2023 మే 30న అప్పీలు కోర్టు ఇద్దరు న్యాయమూర్తుల మెజారిటీతో ఈ వాదనను తోసిపుచ్చింది. ఆమె సంస్కరణ కోసం చేసిన కృషి అసాధారణమని, ఆమె ఆత్మపరిశీలనలో లోపముందనడానికి రికార్డులో ఆధారం లేదని పేర్కొంది. మూడో న్యాయమూర్తి మాత్రం గవర్నర్ నిర్ణయానికి కొంత ఆధారం ఉందని విభేదించారు. న్యూసమ్ తీర్పు పట్ల అసంతృప్తి తెలిపినా, జూలై 7న పై కోర్టుకు వెళ్లబోనని ప్రకటించారు. నాలుగు రోజుల్లో విడుదల జరిగింది.

మన ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన ఒక కేసు ఇక్కడ నాకు గుర్తొస్తోంది. 2005లో గవర్నర్ ఒక హత్య కేసు ఖైదీకి మిగిలిన శిక్షను తగ్గించారు. 2006 అక్టోబరులో ఏపూరు సుధాకర్ కేసులో సుప్రీం కోర్టు ఆ ఉత్తర్వును కొట్టేసింది. ఖైదీ ఫలానా పార్టీకి మంచి కార్యకర్త అన్నటువంటి అప్రస్తుతమైన అంశాల మీద ఆధారపడిన ఉత్తర్వు నిలవదని చెప్పింది. అక్కడ గవర్నర్ విడిచిపెడితే కోర్టు ఆపింది, కాలిఫోర్నియాలో గవర్నర్ ఆపితే కోర్టు విడిచిపెట్టింది. దిశలు వేరైనా సూత్రం ఒకటే. కార్యనిర్వాహక అధికారి చేతిలోని ఖైదీ స్వేచ్ఛ అతడి ఇష్టానికి కాక, కారణాలకు కట్టుబడి ఉండాలి.

ఓరుగల్లు పాఠకురాలు:

ఎందుకు లొంగిపోయావో పూర్తిగా వివరించు అన్న షరతు గురించి ఒక్క మాట. కల్ట్‌లలో చేరినవారి విషయంలో ఎంత పెద్ద కారణం చెప్పినా అది నేరం ముందు చిన్నదిగానే కనిపిస్తుంది. జపాన్‌లో ఓమ్ షిన్రిక్యో సభ్యుడైన ఇకువో హయాషి గుండె వైద్యుడు, కేయో విశ్వవిద్యాలయంలో చదివినవాడు. 1995 మార్చి 20న టోక్యో భూగర్భ రైలులో సారిన్ విషవాయువు సంచులను గొడుగు మొనతో పొడిచినవారిలో అతడొకడు. అతడు ఎక్కిన రైలు పెట్టెను శుభ్రం చేయడానికి వెళ్లిన ఇద్దరు రైల్వే ఉద్యోగులు చనిపోయారు. తెగిన కుటుంబం గాని, చదువులేమి గాని అతడి విషయంలో చూపడానికి లేవు. తానే ముందుగా నిజం చెప్పి దర్యాప్తుకు తోడ్పడినందువల్ల 1998లో అతడికి యావజ్జీవం పడింది. ఆ కల్ట్‌లో మరణశిక్ష పడిన పదముగ్గురినీ 2018 జూలైలో ఉరి తీశారు.

లెస్లీ చెప్పిన కారణాలు చాలవన్నవారు ఏ కారణమైతే చాలుతుందో చెప్పలేదు. 2016 విచారణలో ఆమె తనను తాను ఎప్పటికీ వదిలిపెట్టుకోనని, ఇందులో తన గురించి తనకు మంచిగా అనిపించే అంశం ఒక్కటీ లేదని చెప్పింది. నిందను మాన్సన్ మీదికి నెట్టకుండా, అతడిని అంతటివాడిగా నిలబెట్టింది తమవంటి అనుచరులేనన్న బాధ్యతను కూడా తీసుకుంది. నాకైతే ఇంతకు మించిన వివరణ మనుషుల దగ్గర ఉంటుందని అనిపించదు.

నాగావళి:

వకీలు గారి వివరణ చదివాక కోర్టు తీర్పు చట్టప్రకారం సరైనదని అంగీకరిస్తున్నాను. ఆమె మళ్లీ ఎవరికైనా హాని చేస్తుందని నేనూ అనుకోవడం లేదు. అయినా ఈ విడుదలను న్యాయం అని పిలవడానికి నా నోరు రావడం లేదు, చట్టం అని మాత్రం పిలవగలను. రోజ్‌మేరీకి డెబ్బై మూడో పుట్టినరోజు రాలేదు. బే ఏరియా మిత్రులను ఒక ప్రశ్న అడుగుతాను. విడుదల తరువాత ఆమె మీద పర్యవేక్షణ ఏమైనా ఉంటుందా? మిగిలినవారి విచారణల్లో బాధితుల బంధువుల మాటకు ఇప్పటికైనా స్థానం ఉందా?

బే ఏరియా నుంచి:

ఉన్నాయండి, రెండూ ఉన్నాయి. విడుదల సమయంలో అధికారులు ప్రకటించిన ప్రకారం పర్యవేక్షణ గరిష్ఠంగా మూడేళ్లు, ఏడాది పూర్తయ్యాక దాన్ని కొనసాగించాలా వద్దా అని సమీక్షిస్తారు. నేరుగా సొంత ఇంటికి పంపకుండా, ముందుగా పునరావాస గృహంలో ఉంచి, యాభై ఏళ్లలో మారిపోయిన బయటి ప్రపంచానికి అలవాటు పడే ఏర్పాటు చేశారు. డబ్బు తీసుకునే యంత్రం వాడడం దగ్గరి నుంచి ఆమె నేర్చుకోవలసి ఉందని ఆమె న్యాయవాది అప్పట్లో చెప్పారు.

రెండో ప్రశ్నకు జవాబు 2008లో ఓటర్లు ఆమోదించిన మార్సీ చట్టంలో ఉంది. పెరోల్ విచారణ తేదీని బాధితుల కుటుంబాలు కోరితే ముందుగా తెలియజేయాలి, వారు హాజరై మాట్లాడవచ్చు, తమ తరఫున ప్రతినిధిని పంపవచ్చు, ఖైదీని విడుదల చేస్తే ఆ సమాచారం కూడా వారికి చేరాలి. వారి మాటలను బోర్డు పరిగణనలోకి తీసుకోవాలని కూడా ఆ చట్టం చెబుతోంది. ఎంత బరువు ఇవ్వాలో మాత్రం అందులోనూ రాయలేదు. వాట్సన్, క్రెన్‌వింకెల్ విచారణలకు డెబ్రా టేట్ ఈ హక్కుతోనే వెళ్లి మాట్లాడుతూ వచ్చారు.